కంపెనీ పేరు సరే, లోపల ఎలా ఉంటుందో చేరకముందే కనిపెట్టడం ఎలా?

కంపెనీ పేరు చూసి అప్లై చేయడంలో తప్పేమీ లేదు, అందరం చేసేది అదే. చిక్కెక్కడంటే, పేరు కంపెనీ మొత్తానిది, మీరు రోజూ పనిచేయాల్సింది మాత్రం అందులో ఒకానొక టీమ్‌లో, ఒక మేనేజర్ కింద, పక్క సీట్లలో ఉండే నలుగురైదుగురితో. ఎంత మంచి పేరున్న కంపెనీలోనైనా మనుషులు నిలవని టీమ్ ఒకటి ఉంటుంది, ఎవరూ పేరు వినని చిన్న సంస్థలోనూ ఏళ్ల తరబడి ఎవరూ కదలని టీమ్ ఉంటుంది. అందుకే "మంచి కంపెనీయేనా?" అని అడిగితే పనికొచ్చే జవాబు దొరకదు. "ఈ పోస్టు, ఈ మేనేజర్ దగ్గర, ఇప్పుడు ఎలా ఉంది?" అని అడిగితే దొరుకుతుంది, కాస్త వెతకాలి అంతే.

ఈ వ్యవహారాన్ని నేను రెండు వైపుల నుంచీ చూశాను, ఉద్యోగం వెతుక్కునే మనిషిగానూ, ఇంటర్వ్యూలు చేసే మనిషిగానూ. నాకు అర్థమైనంతలో కంపెనీ గురించి మన చేతికందే అన్నిటికంటే గట్టి సాక్ష్యం, వాళ్లు మనల్ని ఉద్యోగంలోకి తీసుకునే తీరే. రివ్యూలు వేరేవాళ్ల అనుభవాలు. వెబ్‌సైట్‌లో కెరీర్స్ పేజీ ప్రకటన. ఇంటర్వ్యూ వ్యవహారం మాత్రం మీ కళ్లముందు జరుగుతుంది, పైగా ఆ సమయంలో వాళ్లు మీ దగ్గర మంచి అనిపించుకోవాలని చూస్తుంటారు. అలాంటప్పుడే ఫోన్ చేస్తానన్న రోజు చేయకుండా, జీతం సంగతి ఎత్తితే మాట దాటేస్తూ ఉంటే, చేరాక ఇంతకంటే బాగా చూసుకుంటారని అనుకోవడానికి ఆధారమేముంది?

ప్రకటన నుంచే మొదలుపెట్టండి

ఉద్యోగ ప్రకటనలో మనం అర్హతలు చూసి, సరిపోతే అప్లై కొట్టేస్తాం. ఈసారి ఇంకో కోణంలో చదవండి. ఎవరికి రిపోర్ట్ చేయాలో ఉందా? మొదటి ఆర్నెల్లలో మీ నుంచి ఏం ఆశిస్తున్నారో ఉందా? జీతం ఎంత నుంచి ఎంత వరకో ఉందా? ఇవి ఉంటే ఆ కంపెనీలో కనీసం ఒక్కరైనా కూర్చుని ఈ పోస్టు గురించి ఆలోచించారని అర్థం. ఇవేవీ లేకుండా ముగ్గురు చేసే పనులన్నీ ఒకే జాబితాలో కుక్కి, చివర్లో "ఒత్తిడిలో పనిచేయగలగాలి", "మేమంతా ఒక కుటుంబం" అని రాశారనుకోండి, అక్కడ ఇద్దరు మానేసి ఉంటారు, వాళ్ల పని కూడా మీ నెత్తిన పడబోతోంది. ప్రతిసారీ కాకపోవచ్చు గానీ అనుమానించి అడగాల్సిన విషయమే.

జీతం పరిధి చెప్పడం "మా పాలసీ కాదు" అనే మాట ఇంకా వింటూనే ఉంటాం. న్యూయార్క్ నగరంలో 2022 నవంబర్ నుంచి ప్రకటనలోనే జీతం పరిధి రాయాలన్న చట్టం అమల్లో ఉంది, కొలరాడోలో అంతకుముందే, 2021లోనే వచ్చింది. యూరోపియన్ యూనియన్ 2023లో తెచ్చిన ఆదేశం ఇంకో అడుగు ముందుకేసి, ఇంటర్వ్యూకి ముందే పరిధి తెలియజేయాలి, అభ్యర్థి పాత జీతం అడగకూడదు అంటోంది. అంటే చెప్పడం సాధ్యం కాని రహస్యమేమీ కాదది. మీరున్న చోట అలాంటి చట్టం లేకపోయినా, మొదటి ఫోన్ కాల్‌లోనే "ఈ పోస్టుకు మీరు అనుకున్న బడ్జెట్ ఎంత ఉందో చెబితే ఇద్దరికీ టైమ్ కలిసొస్తుంది" అని అడగడంలో తప్పు లేదు. అడిగినందుకు మొహం చిట్లించే రిక్రూటర్ కూడా మీకు ఒక విషయం చెబుతున్నట్టే.

ఇంకొకటి చూడాలి, అదే ప్రకటన ఎన్నాళ్ల నుంచి తిరుగుతోందో. నెలల తరబడి ఒకే పోస్టుకు ప్రకటన మళ్లీ మళ్లీ వస్తుంటే, బడ్జెట్ శాంక్షన్ కాకుండానే రెజ్యూమేలు పోగేసుకుంటున్నారేమో, లేదా చేరినవాళ్లు చేరినట్టే వెళ్లిపోతున్నారేమో, లేదా మేనేజర్‌కి ఎవరూ నచ్చడం లేదేమో. మూడూ మీకు మంచివి కావు. కెనడాలోని ఒంటారియో రాష్ట్రంలో 2026 జనవరి నుంచి, నిజంగా ఖాళీ ఉందా లేదా అన్నది ప్రకటనలోనే చెప్పాలని, ఇంటర్వ్యూ చేసినవాళ్లకు 45 రోజుల్లోపు ఏదో ఒక జవాబివ్వాలని నిబంధన పెట్టారంటే (25 మంది, అంతకంటే ఎక్కువ ఉద్యోగులున్న సంస్థలకు) ఈ జబ్బు ఎంత ముదిరిందో ఊహించుకోండి. జాబ్ పోర్టల్‌లో కనిపించిన పోస్టు కంపెనీ సొంత సైట్‌లోనూ ఉందో లేదో చూసుకోండి, ఒక్క నిమిషం పని.

రివ్యూలు చదవడం ఒక విద్య

ఉద్యోగులు తమ కంపెనీల మీద రివ్యూలు రాసే గ్లాస్‌డోర్ వెబ్‌సైట్ 2008లో మొదలయ్యాక ఆఫీసు లోపలి కబుర్లు బయటివాళ్లకూ దొరకడం మొదలైంది. అంతకుముందు తెలిసినవాళ్లు ఎవరైనా అక్కడ పనిచేస్తే తప్ప తెలిసే దారి ఉండేది కాదు. మంచిదే. కానీ మనం వాటిని చదివే పద్ధతే బాగుండదు, సగటు రేటింగ్ చూసి 4 దాటితే సంతోషం, 3 కంటే తక్కువైతే టెన్షన్, అక్కడితో ట్యాబ్ మూసేస్తాం.

ఆ సగటు అంకెను వదిలేయండి. రివ్యూ ఎవరు రాస్తారో ఆలోచించండి. బాగా కోపం వచ్చినవాళ్లు రాస్తారు, బాగా సంతోషంగా ఉన్నవాళ్లు కొందరు రాస్తారు, హెచ్ఆర్ అడిగితే కొందరు రాస్తారు, మధ్యలో ఉన్న మెజారిటీకి ఆ ఓపిక ఉండదు. గ్లాస్‌డోర్ వాళ్లు మిగతావాళ్ల రివ్యూలు పూర్తిగా చూడాలంటే మీరూ ఒకటి రాయాలన్న షరతు పెట్టింది కొంతవరకు ఈ మధ్యవాళ్ల చేత రాయించడానికే. అందుకే నేను ముందుగా 3 స్టార్లు ఇచ్చినవాళ్లవి చదువుతాను. తిట్టాలనీ లేదు, పొగడాలనీ లేదు, అలాంటివాళ్లు "పని నేర్చుకోవచ్చు, కానీ అప్రైజల్ ఎప్పుడూ రెండు మూడు నెలలు ఆలస్యం" లాంటి వాక్యం ఒకటి రాసి వెళ్లిపోతారు. ఆ ఒక్క వాక్యం ఇరవై "సూపర్ కంపెనీ"ల కంటే విలువైనది.

తర్వాత తేదీలు. పాత రివ్యూలు పాత యాజమాన్యం గురించి చెబుతాయి, గడిచిన ఏడాది, ఏడాదిన్నరవి మాత్రం లెక్కలోకి తీసుకోండి. ఒకే వారంలో అయిదు స్టార్ల రివ్యూలు వరసగా పడి, అన్నిట్లోనూ "గ్రోత్", "కల్చర్", "వర్క్ లైఫ్ బ్యాలెన్స్" అన్న మాటలే తిరుగుతుంటే, వాటికి ముందు వారం ఏం పడిందో చూడండి. చాలాసార్లు అక్కడ ఎవరో కడుపు మండి రాసిన పొడవాటి రివ్యూ ఉంటుంది, దాన్ని కిందికి తోయడానికే ఈ హడావుడి. తిట్టిన రివ్యూలనూ అలాగే జల్లెడ పట్టాలి. లేఆఫ్‌లు జరిగిన నెలలో వచ్చేవి సహజంగానే ఘాటుగా ఉంటాయి, వాటిలో కోపం పక్కనపెట్టి వివరం మాత్రం తీసుకోండి: ముందుగా చెప్పారా, బకాయిలు ఇచ్చారా, లేక పొద్దున లాగిన్ పనిచేయకపోతే అప్పుడు తెలిసిందా.

ఒకరికొకరు తెలియనివాళ్లు, వేర్వేరు నెలల్లో, ఒకే చిన్న వివరం రాశారంటే అది నిజం అయ్యే అవకాశం చాలా ఎక్కువ. "మేనేజ్‌మెంట్ బాలేదు" అని పదిమంది రాస్తే పెద్దగా అర్థం లేదు. "సెలవు పెడితే కారణం గ్రూప్‌లో అందరి ముందు అడుగుతారు" అని ముగ్గురు రాస్తే, నమ్మండి.

కంపెనీ ఇచ్చిన జవాబులు కూడా చదవాలి. అన్నిటికీ ఒకే కాపీ పేస్ట్ "మీ అభిప్రాయానికి ధన్యవాదాలు" అయితే అది లేనట్టే. రాసినవాళ్ల మీద విరుచుకుపడితే, లేదా "మీరెవరో మాకు తెలుసు" అన్న ధ్వని వస్తే, ఆ ఒక్కటే చాలు నాకు.

మనుషుల్ని అడగండి, సరైన ప్రశ్నలు అడగండి

అక్కడ పనిచేస్తున్నవాళ్ల కంటే ఆర్నెల్ల నుంచి రెండేళ్ల లోపు మానేసినవాళ్లు మేలు. ఇప్పుడున్నవాళ్లకు రిఫరల్ బోనస్ (తెలిసినవాళ్లను చేర్పిస్తే కంపెనీ ఇచ్చే డబ్బు) ఉండొచ్చు, భయమూ ఉండొచ్చు. లింక్డ్‌ఇన్‌లో అదే టీమ్, అదే డిజిగ్నేషన్‌తో వెతికితే దొరుకుతారు. మెసేజ్ చిన్నగా పెట్టండి, "మీరు ఇదివరకు చేసిన టీమ్‌లో నాకు ఆఫర్ వచ్చేలా ఉంది, పది నిమిషాలు ఫోన్‌లో మాట్లాడగలరా? మీ పేరు ఎక్కడా బయటికి రాదు" అని. రాతపూర్వకంగా ఎవరూ ఏదీ చెప్పరు, ఫోన్‌లో చెబుతారు.

"కంపెనీ ఎలా ఉంటుంది?" అని అడిగితే "బాగానే ఉంటుంది" అంటారు, మర్యాద కొద్దీ. వాళ్లను తీర్పు చెప్పమనకండి, జరిగింది చెప్పమనండి. మీరు మానేశాక మీ సీటులోకి ఎవరొచ్చారు, ఎన్నాళ్లున్నారు? రాత్రి పూట మెసేజ్ వస్తే పొద్దున్న జవాబిస్తే ఊరుకునేవాళ్లా? పని చెడినప్పుడు పైవాళ్ల మీటింగ్‌లో మీ మేనేజర్ ఎవరి పేరు చెప్పేవారు? ఆఖరి నెల జీతం, రిలీవింగ్ కాగితాలు సమయానికి ఇచ్చారా? ఈ చివరి ప్రశ్నను నేను ఎప్పుడూ వదలను, ఎందుకంటే ఇక అవసరం తీరిపోయిన మనిషితో కంపెనీ ఎలా ప్రవర్తిస్తుందన్నది ఏ బ్రోషర్‌లోనూ ఉండదు.

ఇంకో పని కూడా చేయొచ్చు. అదే పోస్టులో గతంలో పనిచేసినవాళ్ల ప్రొఫైళ్లు నాలుగు తెరిచి, అక్కడ ఎన్నాళ్లున్నారో చూడండి. ఎనిమిది నెలలు, పదకొండు నెలలు, ఏడు నెలలు అని వరసగా కనిపిస్తే ఇంకెవరినీ అడగక్కర్లేదు.

ఇంటర్వ్యూలో వాళ్లను మీరూ గమనించండి

ఇక్కడ కాస్త ఆగుదాం, ఎందుకంటే అసలు విషయం ఇక్కడే ఉంది.

ఇంటర్వ్యూ అనగానే మనకు మనం ఎలా చేశామన్న ధ్యాసే తప్ప వాళ్లు ఎలా చేశారన్నది పట్టదు. కానీ మంచి ఇంటర్వ్యూ ఎలా ఉంటుందో దాని మీద చాలా పరిశోధన జరిగింది. 1998లో ఫ్రాంక్ ష్మిట్, జాన్ హంటర్ అనే ఇద్దరు అప్పటివరకు 85 ఏళ్లలో జరిగిన అధ్యయనాలు ముందేసుకుని, మనిషిని ఎంపిక చేసే ఏ పద్ధతి అతని పనితీరును ఎంతవరకు ముందే చెప్పగలుగుతుందో లెక్కగట్టారు. 2022లో పాల్ సాకెట్ బృందం ఆ లెక్కలను మళ్లీ సరిచూసి చాలా అంకెలను కిందికి దించింది, అయినా స్ట్రక్చర్డ్ ఇంటర్వ్యూ మాత్రం పైవరసలోనే నిలిచింది. స్ట్రక్చర్డ్ అంటే పెద్ద బ్రహ్మవిద్య కాదు, అందరు అభ్యర్థులనూ పనికి సంబంధించిన అవే ప్రశ్నలు అడగడం, జవాబులకు ముందే అనుకున్న కొలత ప్రకారం మార్కులు వేయడం. పిచ్చాపాటీగా మాట్లాడి "మనోడిలాగే ఉన్నాడు, తీసుకుందాం" అనడం కంటే ఇది చాలా నయం. మీకూ న్యాయం, వాళ్లకూ లాభం.

కాబట్టి ఎదుటివాళ్లు మీ రెజ్యూమే చదివి వచ్చారా, ప్రశ్నలు పని చుట్టూ ఉన్నాయా, జవాబులు రాసుకుంటున్నారా, మూడో రౌండ్‌లో మళ్లీ మొదటి రౌండ్ ప్రశ్నలే అడుగుతున్నారా అన్నవి గమనించండి. చిక్కు ప్రశ్నలు వేసి ఆనందించేవాళ్లు ఇంకా ఉన్నారు, విమానంలో ఎన్ని గోల్ఫ్ బంతులు పడతాయి లాంటివి. వాటికి పేరుపడ్డ గూగుల్‌లోనే అప్పటి హెచ్ఆర్ అధిపతి లాస్లో బాక్ 2013లో అవి శుద్ధ టైమ్ వేస్ట్ అని, అడిగేవాళ్లు తాము తెలివైనవాళ్లమని అనుకోవడానికే పనికొస్తాయని తేల్చేశారు. అదే గూగుల్ తన సొంత డేటా చూసుకుని నాలుగు ఇంటర్వ్యూలు చాలు, ఆపై కొత్తగా తెలిసేది పెద్దగా ఉండదన్న నిర్ణయానికి వచ్చింది. మరి ఏడో రౌండ్‌కి పిలిచే కంపెనీ ఏం తెలుసుకోవాలనుకుంటోంది? చాలాసార్లు ఏమీ లేదు, అక్కడ నిర్ణయం తీసుకునే ధైర్యం ఎవరికీ లేదు, అంతే. చేరాక మీ ప్రతి చిన్న అప్రూవల్‌కీ అదే గతి.

మీ వంతు వచ్చాక ఒక ప్రశ్న తప్పకుండా అడగండి: "ఈ పోస్టు ఎందుకు ఖాళీ అయింది?" దీన్ని హెచ్ఆర్‌ను ఒకసారి, మేనేజర్‌ను ఒకసారి, వీలైతే టీమ్‌లో ఒకరిని ఒకసారి విడివిడిగా అడగండి. హెచ్ఆర్ "బిజినెస్ పెరుగుతోంది, కొత్త పోస్టు" అని, మేనేజర్ "పాత మనిషికి వేరే టీమ్‌లో అవకాశం వచ్చింది" అని, టీమ్‌లో అమ్మాయి ఒక్క క్షణం ఆగి "అదీ... కొంచెం మార్పులు జరిగాయి" అని అంటే, మూడు జవాబులూ పక్కపక్కన పెట్టి చూసుకోండి. అబద్ధం చెబుతున్నారని వెంటనే అనుకోనక్కర్లేదు, కానీ ఎవరు వెళ్లారో, ఎందుకు వెళ్లారో మళ్లీ ఇంకాస్త సూటిగా అడగాల్సిన చోటు అదే. నిజాయితీ ఉన్న మేనేజర్ "ఆయనకూ నాకూ పని విషయంలో పడలేదు" అని చెప్పేస్తారు. అలా చెప్పిన మనిషి దగ్గర నేనైతే నిశ్చింతగా చేరతాను.

"మీ కల్చర్ ఎలా ఉంటుంది?" అన్న ప్రశ్న వేస్ట్, బట్టీ పట్టిన జవాబు వస్తుంది. దాని బదులు "మీ టీమ్‌లో ఆఖరిసారి ప్రమోషన్ ఎవరికొచ్చింది, ఏం చేసినందుకు వచ్చింది?" అని అడగండి. "ఈ నెలలో మీ టీమ్‌కి అన్నిటికంటే తలనొప్పిగా ఉన్న విషయం ఏంటి?" అని అడగండి. తలనొప్పులే లేవన్నారంటే ఆ మేనేజర్ పనిలోనైనా లేరు, నిజమైనా చెప్పడం లేదు.

అయితే ఒకటి. ఒక కాల్ ఇరవై నిమిషాలు ఆలస్యమైనంత మాత్రాన కంపెనీ చెడ్డది అయిపోదు. అందరికీ మీటింగులు సాగుతాయి, నెట్ పోతుంది. ఆలస్యమయ్యాక ఏం చేశారన్నదే లెక్క. ముందే మెసేజ్ పెట్టారా, వచ్చాక సారీ చెప్పారా, లేక మిమ్మల్ని వెయిట్ చేయించడం తమ హక్కన్నట్టు కూర్చున్నారా?

ఇంటికిచ్చే అసైన్‌మెంట్

రెండు మూడు గంటల పని ఇస్తే చేయండి, మీ పని చూపించుకోవడానికి మంచి అవకాశం. వారాంతం మొత్తం తినేసే పని, అందులోనూ వాళ్ల అసలు ప్రాజెక్టు వాసన వచ్చే పని ఇస్తే ఆగండి. "మా ప్రాడక్ట్‌కి మూడు నెలల మార్కెటింగ్ ప్లాన్ తయారుచేసి పంపండి" అన్నది పరీక్ష కాదు, ఉచిత కన్సల్టింగ్. గొడవ పడకుండా తప్పించుకునే దారి ఉంది, "పూర్తి ప్లాన్ బదులు మొదటి రెండు వారాలది వివరంగా చేసి పంపుతాను, నా ఆలోచనా విధానం తెలియడానికి అది సరిపోతుంది కదా" అని రాయండి. నిజంగా మిమ్మల్ని అంచనా వేయాలనుకునేవాళ్లు సరేనంటారు.

కంప్యూటర్ వడపోత గురించి కొంచెం

చాలా చోట్ల మీ రెజ్యూమే మనిషి చేతికి వెళ్లేముందు సాఫ్ట్‌వేర్ గుండా వెళ్తుంది. సాఫ్ట్‌వేర్ కాబట్టి పక్షపాతం ఉండదనుకుంటే పొరపాటు. అమెజాన్ తన దగ్గరకొచ్చిన పదేళ్ల రెజ్యూమేలతో శిక్షణ ఇచ్చి తయారుచేసుకున్న ఒక ప్రయోగాత్మక సాధనం, ఆ రెజ్యూమేల్లో మగవాళ్లవే ఎక్కువ ఉండడంతో మహిళలన్న మాట కనిపించిన రెజ్యూమేలకు మార్కులు తగ్గించడం నేర్చుకుందని, దాన్ని పక్కన పడేశారని 2018లో రాయిటర్స్ బయటపెట్టింది. మనుషులేమైనా తక్కువా అంటే అదీ కాదు. అమెరికాలో 2004లో వచ్చిన బెర్ట్రాండ్, ముల్లైనాథన్‌ల అధ్యయనంలో రెజ్యూమే నాణ్యత ఒకటే అయినా తెల్లవాళ్ల పేర్లుగా అనిపించేవాటికి నల్లజాతివాళ్ల పేర్లుగా అనిపించేవాటికంటే సుమారు 50 శాతం ఎక్కువగా పిలుపులొచ్చాయి. మీరు చేయగలిగింది చిన్నదే: టేబుళ్లు, బొమ్మలు లేని సాదా రెజ్యూమే, ప్రకటనలో వాళ్లు వాడిన మాటలే మీకు నిజంగా వచ్చినంత మేరకు వాడడం, అన్నిటికంటే ముఖ్యంగా లోపల ఒక మనిషి చేత రిఫర్ చేయించుకోవడం. జవాబు రాకపోతే మీలోనే ఏదో లోపముందని కుంగిపోకండి. చాలాసార్లు అక్కడ మీ రెజ్యూమేని చదివిన మనిషే ఉండరు.

డబ్బు అడిగితే అక్కడితో ఆపేయండి

రిజిస్ట్రేషన్ ఫీజు, ట్రైనింగ్ డిపాజిట్, ల్యాప్‌టాప్ సెక్యూరిటీ, పేరేదైనా సరే. అంతర్జాతీయ కార్మిక సంస్థ 1997లో తెచ్చిన 181వ ఒప్పందమే ప్రైవేటు నియామక ఏజెన్సీలు పనివాళ్ల దగ్గర ప్రత్యక్షంగా గానీ పరోక్షంగా గానీ ఫీజు వసూలు చేయకూడదని చెబుతోంది (కొద్దిపాటి మినహాయింపులు తప్ప). పెద్ద కంపెనీ పేరుతో మెయిల్ వస్తే డొమైన్ చూడండి, కంపెనీ సైట్‌లో ఉన్న నంబర్‌కే మీరు ఫోన్ చేయండి, మెయిల్‌లో ఉన్న నంబర్‌కి కాదు. మోసగాళ్లకు మంచి పేరున్న కంపెనీలంటేనే ఇష్టం.

ఆఫర్ చేతికొచ్చాక

నోటిమాట ఆఫర్ ఆఫర్ కాదు. కాగితం చేతికొచ్చేదాకా ఉన్న ఉద్యోగానికి రాజీనామా పెట్టకండి, ఎవరెంత తొందరపెట్టినా సరే. కాగితంలో చూడాల్సింది మొత్తం ప్యాకేజీ అంకె కాదు, అందులో నెలనెలా ఖాయంగా చేతికొచ్చేదెంత అన్నది. వేరియబుల్ (పనితీరును బట్టి మారే భాగం) ఉంటే "గత రెండేళ్లలో ఈ టీమ్‌కి వేరియబుల్ ఎంత శాతం చెల్లించారు?" అని అడగండి, నూరు శాతం ఇస్తామని కాగితం మీద ఉండడం వేరు, ఇవ్వడం వేరు.

"రేపు సాయంత్రంలోగా ఒప్పుకోకపోతే ఆఫర్ పోతుంది" అంటే మర్యాదగా మూడు నాలుగు రోజులు అడగండి. నెల రోజులు మిమ్మల్ని రౌండ్ల మీద రౌండ్లు తిప్పినవాళ్లకు నాలుగు రోజులు ఆగలేనంత కొంప మునిగే పనేం ఉంటుంది? చాలామంది ఇస్తారు. ఇవ్వనంటే మీరు ఇంకో ఆఫర్‌తో పోల్చుకోకూడదన్నదే వాళ్ల కోరిక.

బాండ్ (ఇన్నాళ్ల లోపు మానేస్తే డబ్బు కట్టాలన్న ఒప్పందం) ఉంటే ఎన్నాళ్లు, మధ్యలో మానేస్తే ఎంత కట్టాలి, ఆ మొత్తానికి లెక్కేంటి అన్నవి ముందే తేల్చుకోండి. జాపోస్ అనే చెప్పుల కంపెనీ కొత్తవాళ్లకు శిక్షణ ఇచ్చి, ఆ తర్వాత "మీకిది నచ్చకపోతే ఈ డబ్బు తీసుకుని ఇప్పుడే వెళ్లిపోవచ్చు" అని ఎదురు డబ్బిచ్చేది, ఇష్టం లేని మనిషిని ఉంచుకోవడం కంటే పంపడమే చవక అని లెక్కేసుకుని. వెళ్లాలంటే మీరే కట్టాలనే కంపెనీ, ఉండమని మిమ్మల్ని ఒప్పించగలనన్న నమ్మకం తనకే లేదని ఒప్పుకుంటున్నట్టు నాకనిపిస్తుంది. నిజంగా ఖర్చు పెట్టి శిక్షణ ఇచ్చే చోట్ల కొంత న్యాయం ఉండొచ్చు, అది వేరే సంగతి.

జవాబు ఇవ్వకపోతే

చెప్పిన గడువు దాటాక రెండు పనిరోజులు ఆగి ఒక మెయిల్, వారం తర్వాత ఇంకొకటి. అంతే. మూడోది రాయడం మీ గౌరవానికి మంచిది కాదు, ఫలితమూ ఉండదు. తర్వాత మీరు రివ్యూ రాయాలనుకుంటే వారం పది రోజులు గడిచి కోపం చల్లారాక రాయండి, జరిగిందే రాయండి: ఎన్ని రౌండ్లు, మధ్యలో ఎంత గ్యాప్, ఏం చెప్పారు, ఏం చేశారు. ఎవరి పేరూ రాయకండి, తిట్లు వద్దు, అసైన్‌మెంట్‌లోని రహస్య వివరాలు వద్దు. పైన చెప్పినట్టు, తర్వాత చదివేవాళ్లకు పనికొచ్చేది ఆ చిన్న చిన్న వివరాలే.

ఇప్పుడు అటువైపు కూర్చునేవాళ్లకు

మీరు మనుషుల్ని తీసుకునే పనిలో ఉంటే, పైన రాసిందంతా అభ్యర్థులు మీ గురించి చేస్తున్నారనే అనుకోండి. ఎంప్లాయర్ బ్రాండ్ (ఉద్యోగం చేసే చోటుగా కంపెనీకి ఉన్న పేరు) అన్న ఆలోచనను టిమ్ ఆంబ్లర్, సైమన్ బారో 1996లో వ్యాసంగా రాశాక, దానికోసం వీడియోలు, ఫొటోలు, అవార్డుల మీద కంపెనీలు బోలెడు ఖర్చు పెడుతున్నాయి. ఆ ఖర్చంతా పోగొట్టడానికి జవాబివ్వని రిక్రూటర్ ఒక్కరు చాలు. బ్రిటన్‌లో టీవీ, ఇంటర్నెట్ కనెక్షన్లిచ్చే వర్జిన్ మీడియా కొన్నేళ్ల క్రితం లెక్క చూసుకుంటే, ఉద్యోగానికి అప్లై చేసి తిరస్కరణకు గురైనవాళ్లలో చాలామంది తమ కస్టమర్లేనని, చేదు అనుభవంతో వాళ్లు కనెక్షన్ మానేయడం వల్ల ఏడాదికి దాదాపు 44 లక్షల పౌండ్ల ఆదాయం పోతోందని తేలింది. అంటే రిక్రూట్‌మెంట్‌లో మర్యాద లేకపోవడం అమ్మకాల లెక్కలోకి వచ్చేసింది.

చేయాల్సినవి కష్టమైనవేమీ కావు, బోరింగ్ పనులు. ఇంటర్వ్యూకి వచ్చిన ప్రతి ఒక్కరికీ అవునో కాదో చెప్పండి, చివరి రౌండ్ దాకా వచ్చినవాళ్లకు ఫోన్ చేసి చెప్పండి. జవాబు ఎప్పుడిస్తారో తేదీ చెప్పండి, ఆ తేదీకి నిర్ణయం కాకపోతే "ఇంకా కాలేదు" అని ఒక లైన్ పంపండి. ఉద్యోగంలోని కష్టాన్ని దాచకండి. 1973లో జాన్ వానస్ టెలిఫోన్ ఆపరేటర్ల నియామకంలో ఒక ప్రయోగం చేశారు, కొందరికి ఎప్పటిలా మంచి మాటలే చెప్పి, కొందరికి పనిలోని విసుగు, అజమాయిషీ కూడా చూపించారు. నిజం చూసినంత మాత్రాన జనం పారిపోలేదు, పైగా చేరాక మానేయాలన్న ఆలోచన వాళ్లలోనే తక్కువగా కనిపించింది. నైట్ షిఫ్ట్ ఉంటే ఉందని మొదటి కాల్‌లోనే చెప్పేయండి, ఆ పోస్టు రెండోసారి భర్తీ చేసే బాధ తప్పుతుంది.

ఆఫర్ తీసుకుని చేరే రోజు ఫోన్ ఎత్తనివాళ్ల గురించి రిక్రూటర్లు తెగ బాధపడుతుంటారు. బాధ నిజమే, అది తప్పే. కానీ ఏళ్ల తరబడి అభ్యర్థుల ఫోన్లు ఎత్తనిది ఎవరు, నేర్పిందెవరు అని కూడా తమను తాము ప్రశ్నించుకోవాలి కదా.

మీ కంపెనీ పేరు బయట ఎలా ఉందో తెలుసుకోవడానికి సర్వేలు అక్కర్లేదు, రిఫరల్స్ లెక్క చూడండి. బోనస్ ఇస్తామన్నా మీ ఉద్యోగులు తమ స్నేహితుల పేర్లు ఇవ్వడం మానేశారంటే, రేటింగ్ 4.2 ఉన్నా సరే, లోపల ఏదో చెడింది.

వేరే దారి లేనప్పుడు

ఇదంతా చదివి "బాగానే చెప్పారు గానీ, నాకున్నది ఒక్కటే ఆఫర్, నాలుగు నెలలుగా జీతం లేదు" అనేవాళ్లు ఉంటారు. చేరండి. అనుమానాలున్న కంపెనీలో కూడా కళ్లు తెరుచుకుని చేరడం వేరు, మోసపోయి చేరడం వేరు. ఇంటర్వ్యూలో వాళ్లు నోటితో ఇచ్చిన ప్రతి మాటనూ, షిఫ్ట్ టైమింగ్, ఇంటి నుంచి పనిచేసే రోజులు, ఆర్నెల్లకు జీతం పెంచుతామన్నది, ఏదైనా సరే, చేరకముందే "మన సంభాషణలో నాకు అర్థమైనది ఇది, సరేనా?" అని హెచ్ఆర్‌కు ఒక మెయిల్‌గా పంపి జవాబు తెప్పించుకోండి, ఆ మెయిల్‌ను మీ సొంత అకౌంట్‌లో దాచుకోండి. లింక్డ్‌ఇన్ ప్రొఫైల్‌ను అలాగే ఓపెన్‌గా ఉంచండి, మిగతా చోట్ల నడుస్తున్న ఇంటర్వ్యూలను ఆపకండి. ప్రొబేషన్‌లో నోటీస్ పీరియడ్ సాధారణంగా తక్కువ ఉంటుంది, ఎన్ని రోజులో ఆఫర్ లెటర్‌లో చూసి, ప్రొబేషన్ ముగిసే తేదీకి నెల ముందు ఫోన్‌లో రిమైండర్ పెట్టుకోండి. ఉండాలా వద్దా అన్నది ఆ రోజు కూర్చుని తేల్చుకోవచ్చు.